రెండో నవ్వు

మా ఆటల డేరాకి నడిమధ్య ఒక తాడు ఉండేది. వేదిక దగ్గర మేకుకి కట్టి వెనక గుంజ దాకా లాగేవాళ్ళు. తాడుకి కుడిపక్క తెల్లవాళ్ళు, ఎడమపక్క నల్లవాళ్ళు, మా వాళ్ళు. టికెట్ ఒకటే, బెంచీలు ఒకటే, దోమలూ అవే. జార్జియాలో ఏ ఊరు వెళ్ళినా ముందు తాడు కట్టి, ఆ తర్వాతే దీపాలు వేలాడదీసేవాళ్ళు.

మా ఆయన లెమ్యూల్ ఆ తాడుకి ఎదురుగా నిలబడి ఇరవై ఏళ్ళు జనాన్ని నవ్వించాడు. నేను ఆయన పక్కన పెళ్ళాం వేషం వేసేదాన్ని. వేషమని పేరే గానీ పెళ్ళాన్నే. ఆయన బిరడా కాల్చి ఆ మసి మొహానికి పూసుకునేవాడు. తన నలుపు మీద ఇంకో నలుపు వేసుకుని, మోకాళ్ళ దాకా వేలాడే కోటుతో వచ్చేవాడు. అప్పట్లో నవ్వించే నల్లవాడు ఎవరైనా అలాగే రావాలి. నా చేతిలో ఇనప మూకుడు, గరిటె. ఆయన ఒక మాట అంటాడు, నేను మూకుడు మీద కొట్టి తిడతాను. చూసేవాళ్ళకి అంతే.

చేసేవాళ్ళకి ఇంకో సంగతి ఉంది. లెమ్ మాట అనగానే కుడిపక్క ముందు నవ్వేది. వాళ్ళు వెర్రివాణ్ణి చూసి నవ్వేవాళ్ళు. మా వైపు ఒక్క ఊపిరి ఆగి నవ్వేది. ఆ వెర్రివాడు అన్నదేమిటో విని నవ్వేది. ఆ రెండో నవ్వు విడిగా వినపడిందా, ఇప్పుడు వీళ్ళెందుకు నవ్వుతున్నారని కుడిపక్క తలలు తిరుగుతాయి. అలా తలలు తిరిగిన ఊళ్ళో ఒక డేరా కాలిపోయింది, మాది కాదు గానీ మా వాళ్ళదే. అందుకని సరిగ్గా ఆ ఊపిరి దగ్గర నేను మూకుడు మోగించి "సచ్చినోడా" అని అరిచేదాన్ని. మా వాళ్ళు నా తిట్టుకి నవ్వుతున్నట్టు ఉండేది. నా పని అది. మా వాళ్ళ నవ్వుకి సాకు ఇవ్వడం.

జడ్జి ముక్క మా ఇద్దరికీ అన్నం పెట్టిన ముక్క. లెమ్ టోపీ చేత్తో నలుపుతూ ముందుకొచ్చేవాడు. "జడ్జిగారు అడిగారండీ, ఒరే, తప్పు చేశావా లేదా అని. దొరా, నన్నడిగితే ఎలా, అది మీరు చెప్పాలి గదా, నేనింకా వినలేదు అన్నాను." కుడిపక్క నవ్వు. ఊపిరి. మూకుడు. ఎడమపక్క నవ్వు.

ఆట అయ్యాక మసి కడుక్కుంటూ లెమ్ రోజూ ఒకటే అడిగేవాడు.

"మన వైపు?"

జడ్జి దగ్గర బాగా నవ్వారనో, కోడిదొంగ ముక్క దగ్గర సగమే నవ్వారనో చెప్పేదాన్ని. కుడిపక్క సంగతి ఎప్పుడూ అడగలేదు.

పందొమ్మిదొందల ముప్పై ఎనిమిదిలో పత్తి తీతలూ, కౌంటీ పోలీసులకి పెద్దయిన షెరీఫ్ ఎన్నికా ఒకేసారి వచ్చాయి. ఆగస్టులో మా డేరా హాకెట్ కౌంటీలో దిగింది. మొదటి ఆట బాగా జరిగింది. మర్నాడు పొద్దున లెమ్ బూట్లకి లేసులు కొనుక్కొస్తానని బజారుకి వెళ్ళాడు. పత్తి విచ్చిన రోజుల్లో చేలో లేని నల్ల మగవాడు కనిపిస్తే షెరీఫ్ కింది డిప్యూటీలు ఆపి అడిగేవాళ్ళు. ఏం పని చేస్తావురా అన్నాడట డిప్యూటీ. నవ్విస్తాను దొరా అన్నాడట లెమ్. అది పని కాదన్నాడట డిప్యూటీ. పనీపాటా లేకుండా తిరుగుతున్నాడని రాసుకుని లోపల వేశారు.

నాకు కబురు తెలిసి కోర్టుకి పరిగెత్తేసరికి విచారణ మొదలైంది. మా వాళ్ళు మేడమీది వరండాలో నిలబడి చూడాలి. అక్కణ్ణించి నాకు లెమ్ నడినెత్తి కనపడుతోంది. కింద గుమాస్తా, ఇద్దరు డిప్యూటీలు, షెరీఫ్ కెల్లమ్. అందరూ ముందురోజు మా ఆటకి వచ్చినవాళ్ళే. జడ్జి కూడా వచ్చాడు. ఆయన కాగితం చూసి, మామూలుగా అందరినీ అడిగేదే అడిగాడు.

"తప్పు చేశావా, లేదా?"

గదిలో ఎవరూ కదల్లేదు. వాళ్ళ మొహాలు నాకు కనపడలేదు గానీ ఆ ఎదురుచూపు నాకు తెలుసు. ప్రతి ఊళ్ళోనూ ఆ మాట దగ్గర జనం అలాగే ఆగుతారు. లెమ్‌కీ తెలుసు. ఆయన వీపు వంగింది. చేతిలో టోపీ లేదు, అయినా వేళ్ళు టోపీ నలిపినట్టు కదిలాయి.

"దొరా, నన్నడిగితే ఎలా? అది మీరు చెప్పాలి గదా. నేనింకా వినలేదు."

జడ్జి కళ్ళజోడు తీసి తుడుచుకునేదాకా నవ్వాడు. వరండాలో ఎవరూ నవ్వలేదు. నా చేతిలో మూకుడు లేదు. నవ్వు అయ్యాక జడ్జి, లేదనలేదు కాబట్టి ఒప్పుకున్నట్టేనని చెప్పి, పత్తి తీతలు అయ్యేదాకా శిక్ష రాశాడు.

తర్వాత జైలు వెనక కిటికీ దగ్గరికి నన్ను పోనిచ్చారు. లెమ్ నావైపు చూడలేదు.

"'చెయ్యలేదు' అనాల్సింది, ఒడెస్సా. అనబోయాను కూడా. నోట్లోకి అదొచ్చింది."

ఇరవై ఏళ్ళు ఆ మాట చివర మూకుడు కొట్టినదాన్ని నేనే.

ఇంతలో షెరీఫ్ వచ్చాడు. పళ్ళ మధ్య పుల్ల పెట్టుకుని మాట్లాడే మనిషి. రోడ్డు మీద రాళ్ళు కొట్టడానికి తనకి ఖైదీలు చాలామంది ఉన్నారని, నవ్వించేవాడే లేడని అన్నాడు. ఎన్నిక సెప్టెంబరులో. అప్పటిదాకా శనివారం శనివారం ఒక్కో కూడలిలో పందిని కాల్చి విందు పెడతాడు. ముందు లెమ్ నవ్వించాలి, ఆ తర్వాత షెరీఫ్ ఓట్లు అడుగుతాడు. గెలిస్తే వదిలేస్తాడు.

"నవ్వించలేకపోయావనుకో, రాళ్ళు కొట్టే రోడ్డు గ్యాంగు ఎలాగూ ఉంది" అన్నాడు. తర్వాత నావైపు చూసి, "నిన్నెవరూ పట్టుకోలేదు. పోతే పో, ఉంటే మూకుడు తెచ్చుకో" అన్నాడు.

సాయంత్రానికి డేరా విప్పేశారు. డేరా యజమాని నా చేతులు పట్టుకుని, తర్వాతి ఊళ్ళో జనం ఎదురుచూస్తున్నారని, తిరిగొచ్చేటప్పుడు తీసుకుపోతామని చెప్పాడు. నేను మూకుడు, గరిటె, గుడ్డల మూట దింపుకుని రోడ్డు పక్కన నిలబడ్డాను. లారీ వెళ్ళిపోయింది.

నాకు చోటిచ్చింది జిల్ఫా. షెరీఫ్ విందులకి పందిని కాల్చేది ఆవిడే. ఆవిడ తమ్ముడు ఓరిన్ వరండాలో కుర్చీలో కూచుని రోజంతా బఠాణీలు ఒలిచేవాడు. ఆ వసంతంలో అతను, మా వాళ్ళని రానివ్వని ఓటర్ల పట్టీలో పేరు రాయించుకుంటానని ఒక్కడే కోర్టుకి వెళ్ళాడు. అప్పట్నుంచి కుడి మోకాలు వంగదు. ఎవరు చేశారని నేను అడగలేదు, వాళ్ళు చెప్పలేదు. ఆ ఇంట్లో అది వాన పడిందన్నంత మామూలు సంగతి.

మొదటి శనివారం విందు ఒక పత్తిమిల్లు ముందు. అక్కడ తాడు లేదు, అవసరమూ లేదు. తెల్లవాళ్ళు చెట్ల కింద చెక్క పలకల మీద కూర్చున్నారు. మా వాళ్ళు నిప్పుల గుంట అవతల మాంసం కోస్తూ, నీళ్ళు మోస్తూ ఉన్నారు. మిగిలింది పెడతారని చేలల్లోంచి కూలీలు కూడా వచ్చి గోనెల మీద కూలబడ్డారు. మధ్యలో పొగ. ఆ పొగే తాడనుకున్నాను.

లెమ్ మసి పూసుకుని వచ్చాడు. షెరీఫ్ పక్కనే కుర్చీలో ఉన్నాడు.

"మా షెరీఫ్ గారంత మంచి మనిషిని నేను చూళ్ళేదండీ. నాకు గది ఇచ్చారు, రొట్టె ఇచ్చారు. రోజూ చీకటి పడగానే స్వయంగా వచ్చి తాళం వేసుకుపోతారు. ఎందుకు దొరా ఇంత శ్రమ అన్నాను. దొంగలందరూ బయటే ఉన్నార్రా అన్నారు."

పలకల మీద నవ్వు లేచింది. షెరీఫ్ తొడ చరుచుకున్నాడు. ఒక్క ఊపిరి. నేను మూకుడు కొట్టి, "నీకు తాళం నేనెయ్యాల్సింది, సచ్చినోడా, పెళ్ళినాడే" అన్నాను. గుంట అవతల గోనెల మీద వాళ్ళు పొట్టలు పట్టుకుని నవ్వారు. జిల్ఫా కత్తి పక్కన పెట్టి కళ్ళు తుడుచుకుంది.

ఆ సాయంత్రం నేను రొట్టె తీసుకెళ్ళి కిటికీలోంచి ఇస్తుంటే లెమ్ అడిగాడు, మన వైపు అని. డేరాలో కన్నా ఎక్కువ అని చెప్పాను. నిజంగానే ఎక్కువ. ఆ కౌంటీలో వాళ్ళకి చాలాకాలంగా నవ్వే వీలు దొరకలేదు. జిల్ఫా ఇంటికొచ్చి ఆ తాళం మాట ఓరిన్‌కి చెప్పింది. ఓరిన్ బఠాణీలు ఒలవడం ఆపాడు. మళ్ళీ చెప్పు అన్నాడు.

కూడలి తర్వాత కూడలి తిరిగాం. జనం పెరిగారు. షెరీఫ్ ప్రసంగం వినడానికి కాదని ఆయనకీ తెలుసు. వారం మధ్యలో కూడా ఎవరో ఒక భూస్వామి ఇంటికి, ఎవరో ఒకరి పుట్టినరోజుకి లెమ్‌ని పంపడం మొదలుపెట్టాడు. సంకెళ్ళు ఉండవు. డిప్యూటీ కారు నడుపుతాడు, వెనక సీట్లో మేమిద్దరం. కిటికీల బయట రెండువైపులా పత్తి. వంగిన వీపులు. ఒకసారి ఆ చేలోంచి ఎవరో చెయ్యి ఊపారు. లెమ్ చెయ్యి ఎత్తబోయి, డిప్యూటీ అద్దంలో చూస్తున్నాడని దించేశాడు.

ఒకరోజు కిటికీ దగ్గర లెమ్, "షెరీఫ్, గెలిచాక కూడా కౌంటీకి నవ్వు కావాలి కదా అంటున్నాడు" అన్నాడు.

"వదిలేస్తానన్నాడు గదా."

"అన్నాడు. నేను బాగా చేసేకొద్దీ ఆ మాట మర్చిపోతున్నాడు."

బాగా చేస్తే వదలడు. బాగా చెయ్యకపోతే రోడ్డు. ఈ రెండింటి మధ్య సన్నటి దారి ఏదైనా ఉందేమోనని ఆలోచించాం. కొంచెం చెడగొడితే ఎలా ఉంటుంది? మరీ కోపం వచ్చేంత కాదు, విసుగొచ్చేంత. ఆ శనివారం లెమ్ మాటలు మింగాడు. మధ్యలో ఆగి, తర్వాతేమిటో మర్చిపోయినట్టు నిలబడ్డాడు. నావైపు తిరిగి, ఏమే, తర్వాతేంటి అన్నాడు. నేనూ మర్చిపోయాను అన్నాను. ఇద్దరం ఒకరి మొహం ఒకరు చూసుకుంటూ నిలబడ్డాం.

జనం పలకల మీంచి పడిపోయేలా నవ్వారు. ఒకాయనకి దగ్గు పట్టుకుని నీళ్ళు తాగించాల్సొచ్చింది. విందు అయ్యాక షెరీఫ్ లెమ్ భుజం మీద చెయ్యి వేశాడు.

"ఆ మర్చిపోయే ముక్క బాగుందిరా. వచ్చే వారం కూడా మర్చిపో."

ఎన్నిక దగ్గర పడింది. చివరి విందు కోర్టు ముందే పెట్టారు. దానికి రెండు రోజుల ముందు షెరీఫ్ లెమ్‌ని పిలిచి తనకో సొంత ముక్క కావాలన్నాడు. ఓరిన్ టేట్ కోర్టు మెట్లు ఎలా ఎక్కాడో, ఎలా దిగాడో చేసి చూపించాలి. దిగడం ముఖ్యం. ఆ కుంటడం జనం చూడాలి. రెండువైపులా వాళ్ళూ చూడాలి.

లెమ్ ఆ సంగతి చెప్పాక నేను నేరుగా ఇంటికి పోలేకపోయాను. మిల్లు దాకా నడిచి వెనక్కి వచ్చాను. వాళ్ళింట్లో పడుకుంటూ, వాళ్ళ రొట్టె తింటూ దాచలేను. జిల్ఫా పిండి కలుపుతుంటే చెప్పాను. ఆవిడ చేతులు ఆగలేదు.

"చెయ్యమను."

"జిల్ఫక్కా..."

"చెయ్యకపోతే మీ ఆయన కాలూ అంతే అవుతుంది. మా వరండాలో ఇద్దరు కుంటోళ్ళకి చోటు లేదమ్మా."

వరండాలో బఠాణీలు గిన్నెలో పడుతున్న చప్పుడు వినిపిస్తూనే ఉంది. ఓరిన్ విన్నాడో లేదో తెలియదు. చిన్న ఇల్లు. వినే ఉంటాడు.

కోర్టు ముందు చెట్లు లేవు. ఎండలోనే పలకలు వేశారు. షెరీఫ్, డిప్యూటీలు మెట్ల పక్కన వరసగా కూర్చున్నారు. లెమ్ ఏం చేయబోతున్నాడో నాక్కూడా చెప్పలేదు. మూకుడు సిద్ధంగా పెట్టుకో అన్నాడంతే.

ఆయన నిటారుగా నడిచాడు. మసి మొహంతో, ఆ కోటుతో, ఎప్పుడూ వంగే వీపుతో అలా నడవడం నేను చూడలేదు. మెట్ల దగ్గర ఆగి టోపీ తీశాడు.

"ఓరిన్ టేట్ ఇలా వచ్చాడండీ. ఒక్కడే." ఒక మెట్టెక్కాడు. గభాలున ఇటు తిరిగి, డిప్యూటీలా బెల్టు పైకి లాక్కుని, చేత్తో కళ్ళకి నీడ పెట్టుకున్నాడు. "లోపల్నించి ఒకాయన చూశాడు. ఒరే, వీణ్ణి నేనొక్కణ్ణే ఆపలేను, ఇంకొకణ్ణి పిలువు." ఇంకో మెట్టు. మళ్ళీ బెల్టు. "ఇద్దరం చాలంరా. కర్రలవాళ్ళని కూడా రమ్మను." ఇంకో మెట్టు. ఈసారి లెమ్ స్తంభం చాటుకి తప్పుకుని, తల మాత్రం బయటపెట్టి, గొంతు తగ్గించాడు. "దగ్గరికి పోకండి. ఇంకో ముగ్గుర్ని పిలవండి. వాడి చేతిలో పెన్సిలుంది."

పలకల మీద నవ్వు లేవలేదు. ఇంకా లేవలేదు. నవ్వాలా వద్దా అని వాళ్ళు డిప్యూటీల వైపు చూస్తున్నారు. ఆ మధ్యలో, గుంట అవతల నుంచి, జిల్ఫా నవ్వింది.

ఒంటరి నవ్వు. గొంతు తెరిచి నవ్విన నవ్వు. తలలు తిరిగాయి.

ఆలస్యంగా వచ్చే నవ్వుని మూకుడు దాస్తుంది. ముందుగా వచ్చిన నవ్వుకి మా దగ్గర ఏమీ లేదు. ఇరవై ఏళ్ళలో ఎప్పుడూ అవసరం పడలేదు. ఒక డిప్యూటీ కుర్చీలోంచి లేవడం కనిపించింది. నా కాళ్ళు అప్పటికే కదిలాయి.

"ఏమేవ్ జిల్ఫా! నా మొగుడు మాట పూర్తి చెయ్యకముందే నవ్వుతున్నావే! అంటే ఈ మాట నీకు ముందే చెప్పాడన్నమాట! ఎక్కడ చెప్పాడే? ఎప్పుడు చెప్పాడే?"

మూకుడు ఎత్తి గుంట మీదుగా దూకాను. జిల్ఫా నా మొహం చూసింది. తన గరిటె పడేసి పరిగెత్తింది. నేను వెంటపడ్డాను. మా వెనకాల లెమ్ మెట్లు దిగి చేతులూపుతూ వచ్చాడు. "లేదే, లేదే! ఆవిడకి సగమే చెప్పానే! ఒట్టు! మొత్తం చెప్పిన మనిషి వేరే ఉంది!"

కోర్టు ముందున్న జనమంతా ఒక్కసారి పగలబడి నవ్వారు. నేను వెనక్కి తిరిగి లెమ్ కాలి మీద మూకుడు విసిరాను. ఆయన పడి, లేచి, కుంటుకుంటూ మెట్ల ముందు తిరిగాడు. "చూశారా దొరా, మా ఇంట్లో కూడా షెరీఫ్ ఉంది." లేచిన డిప్యూటీ నవ్వుతూ కూర్చున్నాడు. షెరీఫ్‌కి కావలసిన కుంటడం దొరికింది. కాకపోతే అది ఓరిన్‌ది కాలేదు. జిల్ఫా పత్తిచేలోకి పోయింది, మాంసం పంచేదాకా తిరిగి రాలేదు.

ప్రసంగం అయ్యాక నేను మూకుడు కోసం వెతుకుతుంటే షెరీఫ్ దాన్ని దుమ్ములోంచి తీసి నాకు ఇచ్చాడు. పుల్ల ఒక పక్కనుంచి ఇంకో పక్కకి మార్చాడు.

"ఇన్నాళ్ళూ ఆగి నవ్వేవాళ్ళకే కొట్టేదానివి. ఇవాళ ముందు నవ్విందానికి కూడా దారి కనిపెట్టావే."

నేను మూకుడికి అంటిన దుమ్ము తుడిచాను.

"మొదటి శనివారం నుంచీ చూస్తున్నాలే. భయపడకు. నవ్వనీ. నవ్వుకుని ఇళ్ళకి పోతారు, సోమవారం పొద్దున్నే చేలో ఉంటారు. ఆ తాళం ముక్కయితే నాకూ ఇష్టమే." రెండడుగులు వేసి ఆగాడు. "పెన్సిలు మాత్రం మళ్ళీ వద్దని చెప్పు."

షెరీఫ్ గెలిచాడు. ఫలితం వచ్చిన సాయంత్రం నేను కిటికీ దగ్గరికి వెళ్ళాను. వదులుతాడా అని అడిగాను. శనివారం విజయోత్సవం అయ్యాక చూద్దామన్నాడట. పక్క కౌంటీలో షెరీఫ్ బావమరిది ఉన్నాడు, వచ్చే ఏడు అక్కడ ఎన్నిక, దానికీ లెమ్ కావాలట. అప్పుడు నేను, మూకుడు ఇస్తూ షెరీఫ్ అన్న మాటలు లెమ్‌కి చెప్పాను. చెప్పకుండా ఉండే వీలు లేదు. ఆయన రొట్టె తినడం ఆపాడు.

"మొదట్నుంచీనా?"

"మొదటి శనివారం నుంచి."

ఆయన మిగిలిన రొట్టె నాకు తిరిగి ఇచ్చి ఊచలు పట్టుకున్నాడు.

"అయితే ఆ రెండో నవ్వు కూడా వాడు పెట్టిన విందే" అన్నాడు. మన వైపు అని ఆ రోజు అడగలేదు.

శనివారం మళ్ళీ కోర్టు ముందే. రెండు పందులు కాల్చారు. బ్యాండు పెట్టారు. నేను మూకుడు పట్టుకుని మెట్ల దగ్గర నిలబడ్డాను. డిప్యూటీ లెమ్‌ని తీసుకొచ్చాడు. ఆయన మొహానికి మసి లేదు. ఆ మొహం ఆ జనం అంతకుముందు చూడలేదు. కొంతమంది ఇతనెవరన్నట్టు చూశారు. ఆయన నా దగ్గరికొచ్చి నా చేతిలోంచి మూకుడు తీసుకున్నాడు, గరిటె తీసుకున్నాడు, రెండూ వంగి నేల మీద పెట్టాడు. చప్పుడు కాకుండా పెట్టాడు.

తర్వాత జనం వైపు తిరిగాడు. వీపు వంచలేదు. గొంతు మార్చలేదు. ఇంట్లో నాతో మాట్లాడే గొంతు అది.

"జడ్జిగారు నన్నడిగారు, తప్పు చేశావా లేదా అని. నేను చెయ్యలేదు."

జనం ఎదురుచూశారు. ఆ ముక్క వాళ్ళందరికీ వచ్చు. ముందు వరసలో గుమాస్తా అలవాటు కొద్దీ నవ్వాడు, పక్కన ఎవరూ నవ్వకపోయేసరికి ఆపేశాడు. గుంటలో కొవ్వు కారి నిప్పుల మీద చిటపటమంది.

"మిగతాది చెప్పరా" అన్నాడు షెరీఫ్.

"అంతే దొరా."

నేను గుంట అవతలికి చూశాను. గోనెల మీద కూలీలు, నీళ్ళ బిందెలవాళ్ళు, జిల్ఫా. జిల్ఫా పక్కన, ఆ ఎండలో, కర్ర ఊతంగా ఓరిన్ నిలబడి ఉన్నాడు. అతను ఎప్పుడొచ్చాడో నేను చూడలేదు. ఒక్కళ్ళూ నవ్వలేదు. తల కూడా దించుకోలేదు.

షెరీఫ్ పుల్ల ఉమ్మేసి బ్యాండువాళ్ళకి సైగ చేశాడు. బ్యాండు మొదలైంది. ఇద్దరు డిప్యూటీలు లెమ్‌ని చెరో రెక్కా పట్టుకుని తీసుకుపోతున్నారు. నా ముందునుంచి పోతూ ఆయన అడిగాడు.

"మన వైపు?"

"ఎవరూ నవ్వలేదు."

"మంచిది" అన్నాడు.

రోడ్డు గ్యాంగులో ఆయన పత్తి తీతలు అయ్యేదాకా కాదు, ఆ చలికాలమంతా ఉన్నాడు. కొత్త శిక్ష ఎవరు రాశారో నాకెవరూ చెప్పలేదు. నేను జిల్ఫాతో పత్తి తీశాను, తర్వాత బట్టలు ఉతికాను. మూకుడు ఆవిడకే ఇచ్చేశాను. ఆవిడ దాంట్లో చేపలు వేయించేది. లెమ్ బయటికొచ్చిన రోజు నిటారుగానే నడిచొచ్చాడు, రైలు స్టేషన్ దాకా. బండి ఎక్కాక మాత్రం మళ్ళీ లేవలేకపోయాడు. షికాగోలో దిగేటప్పుడు ఇద్దరు పోర్టర్లు పట్టుకున్నారు.

అక్కడ దక్షిణం వైపు మా వాళ్ళ పేటలో ఒక హాలు ఉంది. మరో వసంతం వచ్చేదాకా ఆయన్ని ఎవరూ పిలవలేదు. పిలిచాక, మెడకి టై కట్టుకుని వెళ్ళాడు. వేదిక మీద కుర్చీ అడిగాడు. కుర్చీ కూడా ఆటలో భాగమనుకున్నారు జనం. నాకు వేషం లేదు. నేను జనంలో కూర్చున్నాను. హాలు నిండా మా వాళ్ళే. సగంమంది జార్జియా నుంచి వచ్చినవాళ్ళు, మిగతా సగం అలబామా, మిసిసిపీ.

"జడ్జిగారు నన్నడిగారు, తప్పు చేశావా లేదా అని" అన్నాడు లెమ్. "నేను చెయ్యలేదన్నాను." ఆగాడు. "అంతే. అందుకే కూచుని చెప్తున్నాను."

హాలు దద్దరిల్లింది. ఆ నవ్వులో ఆయన కళ్ళు హాలంతా వెతకడం నేను చూశాను. రెండో నవ్వు కోసం ఒక్క ఊపిరి ఆగాడు. ఒళ్ళో ఉన్న నా కుడి చెయ్యి దానంతటదే బిగుసుకుంది, గరిటె పిడి పట్టుకున్నట్టు.

ఇంటికొచ్చి, మసి లేని మొహాన్ని ఎప్పట్లాగే సబ్బు పెట్టి కడుక్కున్నాడు.

"మన వైపు?"

"అక్కడ ఉన్నదంతా మన వైపేగా."

"తెలుసు. ఎప్పుడు నవ్వారు?"

"నువ్వు అనగానే."

తువ్వాలు మొహం మీంచి తియ్యలేదు ఆయన.

"ఆగలేదా?"

"ఆగలేదు" అన్నాను.